అక్క నడక

జూన్ 3, మంగళవారం

మధ్యాహ్నం, లోపల బజారులో అక్క నడుచుకుంటూ పోవడం చూశాను. అదే సమయానికి అక్క మా వంటింట్లో చక్రాల కుర్చీలో కూర్చుని ఉల్లిపాయలు తరుగుతోంది.

లోపల అంటే కంప్యూటర్ లోపలి ఊరు. అందులో తిరిగే వాళ్లమందరం దాన్ని అలాగే అంటాం. మిగతాదంతా బయట. లోపల ప్రతి మనిషికీ ఒక బొమ్మ ఉంటుంది. ఆ బొమ్మకు ముఖం, జుట్టు, బట్టలు, ఇల్లు అన్నీ కొనుక్కోవచ్చు. నడక కూడా. ఆ నడకలు చేసేది నాలాంటి వాళ్లు. మనిషి ఒంటికి సెన్సార్లు కట్టి, గదిలో అటూ ఇటూ నడిపించి, ఆ కదలికను ఫైలుగా మార్చి అమ్ముతాను. మా ఇల్లు గడిచేది దాంతోనే.

నేను చూసిన బొమ్మ అక్కది కాదు. పొడుగాటి మగ బొమ్మ, తోలు జాకెట్. నడక మాత్రం అక్కది. ఎడమ భుజం కాస్త కిందికి వాలి ఉంటుంది, ఏళ్ల తరబడి ఆ భుజానికి ఉత్తరాల సంచి వేలాడింది కాబట్టి. గుమ్మం ఎదురైతే అర అడుగు తటపటాయించి, అప్పుడు ముందుకు వెళ్తుంది. గేటు వెనక ఏముందో తెలియని ఇళ్లకు బట్వాడా చేసి చేసి వచ్చిన అలవాటు. జాకెట్ మనిషి చెప్పుల షాపు ముందు సరిగ్గా అలాగే తటపటాయించాడు.

ఆ నడక నేను ఎవరికీ అమ్మలేదు. అది ఒక్క అక్క బొమ్మకే ఉంది.

వెంటబడ్డాను. మలుపు దగ్గర మాయమయ్యాడు.

వంటింట్లోకి వెళ్లి, ఇందాక లోపలికి గానీ వెళ్లావా అని అక్కను అడిగాను. కత్తి పైకెత్తి చూపించి, నాకేమన్నా నాలుగు చేతులున్నాయటే అంది.

జూన్ 4, బుధవారం

ఊహలు పక్కన పెట్టి తెలిసినవి రాసుకుంటాను.

అక్క నడక రికార్డు చేసినప్పుడు నేను ఈ పని కొత్తగా నేర్చుకుంటున్నాను. మనిషిని కూలికి పిలిపించుకునే స్తోమత లేక, బట్వాడా ముగించుకుని వచ్చిన అక్కను పట్టుకున్నాను. యూనిఫాం విప్పకుండా, సంచి దించకుండా నడిచింది. త్వరగా కానియ్యవే, కాళ్లు పీకుతున్నాయి అని తిడుతూనే నడిచింది. ఆ తర్వాత ఏడాది తిరక్కుండానే లారీ గుద్దింది. నడుము కిందంతా స్పర్శ పోయింది.

ఆసుపత్రి నుంచి వచ్చాక చాలాకాలం గోడవైపు తిరిగి పడుకునేది. ఒకరోజు ఆ పాత ఫైలు వెతికి తీసి దాని బొమ్మకు తొడిగాను. తెర చూసి, నేనింత వంకరగా నడిచేదాన్నా అంది. అప్పట్నుంచి రోజూ లోపలికి వెళ్తుంది.

వెళ్లేది హాలుకి. హాలు పెట్టింది మా లాయరమ్మ. మొగుడికో అత్తింటివాళ్లకో భయపడి ఇల్లు వదిలేసిన ఆడవాళ్లు, ఎక్కడెక్కడో తలదాచుకున్నవాళ్లు అక్కడ కలుసుకుంటారు. పేర్లుండవు. గొంతు వాడరు, టైపు చేసుకుంటారు. బయటి ఫోన్ నంబర్లు ఒకరివి ఒకరి దగ్గర ఉండవు. ముఖాలు వారం వారం మార్చేస్తారు, ముఖాన్ని ఎవడైనా కాపీ కొట్టగలడు కాబట్టి. మరి ఎవరెవరో తెలిసేది నడకతో. ప్రతి ఒక్కరికీ జత లేని నడక ఒకటి నేనే చేసి ఇచ్చాను. గేటు దగ్గర అక్క ఉంటుంది. వచ్చిన మనిషి నడక చూసి హాల్లోకి పంపుతుంది. కొత్తగా వచ్చినవాళ్లు మొదట నమ్మేది అక్కనే. ఏ ఊళ్లో ఉన్నారో, పిల్లల్ని ఏ బళ్లో వేశారో, కన్నతల్లికి చెప్పనివి అక్కకు చెబుతారు.

కాబట్టి అక్క నడక ఎవడి దగ్గరుంటే, ఆ ఆడవాళ్లకు వాడే అక్క.

అదే రోజు, సాయంత్రం

నేను వచ్చిన కొత్తలో లోపల దొంగలు చొక్కాలు ఎత్తుకెళ్లేవారు. చొక్కా అంటే ఒక చిత్రమే, తెర మీద కనిపించినదాన్ని దింపుకుంటే చాలు. ఆ తర్వాత ఇళ్ల మీద పడ్డారు. వీధి మలుపు తిరిగితే మనం కట్టిన ఇల్లే ఎదురయ్యేది, కిటికీ దగ్గర మనం చేసిన పొరపాటుతో సహా. తర్వాత తాళాలు తీసే ప్రోగ్రాములు. ఆ తర్వాత నకిలీ లాగిన్ పేజీలు పెట్టి అకౌంట్లకు అకౌంట్లే లాక్కోవడం. బట్టలతో మొదలుపెట్టి ఒంటిదాకా వచ్చారు. నడక ఒక్కటే మిగిలింది. నడక ఫైలు ఈ ఊరిని నడిపే కంపెనీ సర్వర్‌లోనే ఉంటుంది, ఎదుటివాడి మిషన్‌లోకి దిగదు. చూడగలరు, తీసుకోలేరు. హాలు పెట్టేటప్పుడు లాయరమ్మకు ఆ మాట చెప్పింది నేనే.

జూన్ 5, గురువారం

అక్కకు ఒంట్లో బాగాలేదు, రోజంతా పడుకునే ఉంది. బజారులో చూసింది ఇంకా చెప్పలేదు.

జూన్ 6, శుక్రవారం, ఉదయం

నేను చెప్పేలోపే వచ్చి పడింది.

హాల్లో ఒకామె ఉంది. నోరు మూతపడదు కాబట్టి అందరూ చిలక అంటారు. చిన్న కూతుర్ని తీసుకుని మొగుడి దగ్గర్నుంచి పారిపోయి వచ్చింది. అతను ఒకసారి ఆమె చెయ్యి విరగ్గొట్టాడు. ఈసారి దొరికితే చెయ్యితో వదలనని ఆమె పుట్టింటికి వెళ్లి మరీ చెప్పి వచ్చాడు. లాయరమ్మ దగ్గర కేసు నడుస్తోంది.

పొద్దున చిలక గేటు దగ్గరికి వచ్చి, నిన్న నువ్వు అడిగినవన్నీ చెప్పేశాక మనసు తేలికయిందక్కా అంది. అక్క నిన్న మంచం దిగలేదు. ఏం అడిగాను, ఏం చెప్పావు అని టైపు చేసింది. అదేంటక్కా మతిమరుపు, నాకు తెలిసినామె మీ వైపే ఉంటుంది, తోడుగా పంపిస్తాను, ఎక్కడ పనిచేస్తున్నావో చెప్పు అన్నావుగా, వంతెన దగ్గర బేకరీ అన్నానుగా అంది చిలక.

అక్క నన్ను కేకేసింది. నేను పరిగెత్తి వెళ్లేసరికి తెర నా వైపు తిప్పి ఉంది. చదివాను. బజారులో చూసింది అక్కడే నిలబడి చెప్పేశాను. ముందే ఎందుకు చెప్పలేదే అని కూడా అనలేదు అది. కీబోర్డు దగ్గరికి లాక్కుని టైపు చేసింది. నిన్న మాట్లాడింది నేను కాదు, నువ్వు ఎవడికో చెప్పేశావు, ఉన్నపళంగా అక్కడ్నుంచి వెళ్లిపో.

చిలక జవాబు వచ్చింది. మరి ఇప్పుడు మాట్లాడేది నువ్వేనని నాకేంటి నమ్మకం, పని మాన్పించి రోడ్డు మీదికి రప్పించాలని నువ్వే చూస్తున్నావేమో, మీ ఇద్దరిలో అక్క ఎవరు అంది.

నిరూపించడానికి అక్క దగ్గరున్నది నడక ఒక్కటే.

చిలక బొమ్మ మాయమైపోయింది.

మధ్యాహ్నం

చిలక అసలు ముఖం బయట చూసిన మనిషి లాయరమ్మ ఒక్కతే. ఫోన్ చేశాను. కోర్టులో ఉన్నాను అమ్మాయ్ అని పెట్టేయబోయింది. వంతెన దగ్గర బేకరీ, మొగుడికి తెలిసిపోయింది అన్నాను. వాయిదా అడిగి నల్లకోటుతోనే కారెక్కింది.

సాయంత్రం

బేకరీలో చిలక లాయరమ్మను చూసి చేతిలో ట్రే వదిలేసిందట. వెనక తలుపు నుంచి తీసుకొచ్చి, దారిలో బడి దగ్గర ఆగి పాపను ఎక్కించుకుని, లాయరమ్మ తన జూనియర్ ఇంట్లో దింపింది. కారులో చిలక ఒక్క మాట మాట్లాడలేదట. లాయరమ్మ నాతో, ఆ పిల్ల నోరు మూసుకుంటే నాకు భయమేస్తోంది అంది.

జూన్ 7, శనివారం

అతను ఉదయం బేకరీకి వచ్చాడు. షట్టర్ తీస్తుంటేనే వచ్చి నిలబడ్డాడట. చేతిలో పెళ్లి ఫోటో. బేకరీ పెద్దావిడ దాన్ని కళ్లజోడు పెట్టుకుని తిప్పి తిప్పి చూసి, అమ్మాయి బాగుంది బాబూ, నీ పక్కనే అంత బాగాలేదు, అయినా ఇలాంటి మొహం మా షాపులో నేనెప్పుడూ చూడలేదు, బన్ను కావాలా వద్దా అందట. కొనలేదు. మధ్యాహ్నం వరకూ ఎదురు ఫుట్‌పాత్ మీదే ఉన్నాడు.

ఒక రోజు తేడా. అంతే.

జూన్ 9, సోమవారం

నడక దొంగతనం మీద నేను పెట్టిన కంప్లైంటుకు కంపెనీ డెస్క్ నుంచి జవాబు వచ్చింది. మీరు చెబుతున్న నడక మా కేటలాగులో మీ పేరు మీద నమోదు కాలేదు, కాబట్టి అది మీదేనని నిర్ధారించలేము, ఇబ్బందికి చింతిస్తున్నాము.

నమోదు చేయాలంటే శాంపిల్‌గా ఆ నడక అందరికీ కనిపించేలా పెట్టాలి. దాచుకోవడానికే నమోదు చేయలేదు. దాచుకున్నందుకు నాది కాకుండా పోయింది.

అక్కకు చదివి వినిపించాను. చింతిస్తున్నారట పాపం, కాఫీ ఇచ్చి ఓదారుద్దాం అంది.

జూన్ 10, మంగళవారం

జిరాక్స్ దగ్గరికి వెళ్లాను.

అసలు పేరు నాకూ తెలియదు. లోపల ఒకప్పుడు అతను ముట్టని చొక్కా లేదు, లేపని ఇల్లు లేదు. నా నడకలను అచ్చు అలాగే చేయాలని చూసి, చేతకాక కుంటి బొమ్మలు అమ్మి నవ్వులపాలయ్యాడు. ఇప్పుడు బయట ఫోన్లు రిపేరు చేసే షాపు ఉంది. కౌంటర్ మీద విప్పిన ఫోన్లు, చిన్న చిన్న స్క్రూలు మూతల్లో పోసి పెట్టుకున్నాడు. నన్ను చూసి, రండి మేడమ్, ఇన్నాళ్లకు శత్రువు గుర్తొచ్చాడా అన్నాడు. ఫోన్ కింద పడిందా, నా మీద కోపంతో విసిరేశారా అన్నాడు.

నడక తీయడం సాధ్యమా అని అడిగాను. ముసిముసిగా నవ్వాడు. మొన్న పెద్ద అప్‌డేట్ వచ్చింది కదా, ఊరంతా జారుడుబల్లలా సాఫీగా కదులుతోందని అందరూ మెచ్చుకున్నారు కదా, ఎందుకు కదులుతోంది అనుకున్నారు అన్నాడు. ఇదివరకు నడక సర్వర్‌లో నడిచేదట. ఇప్పుడు దగ్గర్లో ఉన్న ప్రతివాడి మిషన్‌కీ ఫైలును ముందే పంపించేస్తున్నారట. పక్కన కాసేపు నిలబడే ఓపిక ఉంటే చాలట. మీ సరుకు ఇంటింటికీ కంపెనీయే బట్వాడా చేస్తోంది మేడమ్ అన్నాడు.

అప్పుడు అక్క నడక వర్ణించాను. ఎడమ భుజం, గుమ్మం ముందు తటపటాయింపు.

నవ్వు ఆగిపోయింది. స్క్రూడ్రైవర్ కింద పెట్టాడు. ఎవరిదది అన్నాడు.

చెప్పాను. హాలు గురించి, చిలక గురించి, విరిగిన చెయ్యి గురించి, బేకరీ గురించి. అతను లేచి వెళ్లి షట్టర్ సగానికి దించి వచ్చాడు.

తీసింది అతనే. ఒక కస్టమర్ వచ్చాడట. మర్యాదగా ఉన్నాడట. చనిపోయిన నా భార్య నడక అది, ఆమె అకౌంట్ ఇంకెవరో వాడుతున్నారు, జ్ఞాపకంగా నాకొక కాపీ కావాలి అన్నాడట. మాట్లాడుతూ కళ్లు తుడుచుకున్నాడట. జిరాక్స్ హాలు గేటు ఎదురుగా బెంచీ రూపంలో కూర్చున్నాడు. లోపల మనిషి ఏ రూపంలోనైనా ఉండొచ్చు. బెంచీని ఎవరు అనుమానిస్తారు. మీ అక్కగారు ఒకసారి నా మీద కూర్చున్నారు కూడా మేడమ్ అన్నాడు. అని, అన్నందుకు తలొంచుకున్నాడు.

బజారులో నేను చూసిన తోలు జాకెట్ కూడా అతనే. తీసిన నడక సరిగ్గా పడుతోందో లేదో ఒకసారి తొడుక్కుని చూశాడట.

ఏడుస్తున్నవాడిని ఆధారాలు అడగబుద్ధి కాలేదు మేడమ్ అన్నాడు. నేను ఓదార్చలేదు. ఆ కస్టమర్‌తో జరిగిన మెసేజీలన్నీ లాయరమ్మకు పంపమన్నాను. పంపితే నన్ను కూడా లోపలేస్తారు కదా అన్నాడు. వేయొచ్చు అన్నాను.

జూన్ 11, బుధవారం

పంపాడు.

అదే రోజు, సాయంత్రం

జరిగింది జరిగినట్టు రాస్తాను.

హాల్లో ఇంకొకామె ఉంది, నీలం గొడుగు. బొమ్మ చేతిలో ఎప్పుడూ ఆ గొడుగు ఉంటుంది. ఎప్పుడో గానీ రాదు. ఎవరి ఫోనో అరువు తీసుకుని వస్తుందని అనుకుంటాం. ఇవాళ వచ్చింది. ఇదంతా ఆమెకు తెలియదు. తెలియజేసే దారి లేదు.

అక్క గేటు దగ్గర ఉంది. నేను వెనక నిలబడి తెర చూస్తున్నాను. వీధి అవతల నీలం గొడుగు ఆగి ఎవరితోనో మాట్లాడుతోంది. ఆ ఎవరో ఒక పసుపు చీర బొమ్మ. అది కదిలింది. ఎడమ భుజం వాలింది.

అక్క తన బొమ్మను అటువైపు నడిపించింది. వద్దే అన్నాను. వినలేదు. వీధి మధ్యలో ఇద్దరు అక్కలు ఎదురెదురుగా నిలబడ్డారు. ఒకే భుజం, ఒకే అడుగు. మధ్యలో నీలం గొడుగు. వీడు దొంగ, నమ్మకు అని అక్క టైపు చేసింది. అదే క్షణానికి అవతలి నుంచి కూడా వచ్చింది, వీడు దొంగ, నమ్మకు అని. చివరి చుక్కతో సహా ఒకటే.

నీలం గొడుగు ఇటు తిరిగింది, అటు తిరిగింది. ఇద్దరికీ దూరంగా వెనక్కి జరిగి జరిగి మాయమైపోయింది.

పసుపు చీర బొమ్మ ఇంకా అక్కడే ఉంది. అక్కతో ఒక్క మాట అంది. చిలక ఎక్కడుందో చెబితే నీ నడక నీకిచ్చేసి వెళ్లిపోతాను.

ఇచ్చేయడానికి నువ్వెవడివిరా అని అక్క టైపు చేసి కంప్యూటర్ ఆపేసింది.

జూన్ 12, గురువారం

లాయరమ్మ ఇంటికి వచ్చింది. హాలు గురించీ అక్క నడక గురించీ చిలక తన పుట్టింట్లో చెప్పిందట, అక్కడ్నుంచే మొగుడి చెవిన పడింది అంది. పోలీసులకు ఫిర్యాదు ఇచ్చింది, జిరాక్స్ మెసేజీలు జత చేసింది. వాళ్లకు బేకరీ ముందు నిలబడటం అర్థమైందట, నడక దొంగతనం అర్థం కాలేదట. బొమ్మలాటలకు కూడా కేసులేంటమ్మా అన్నాడట ఇన్‌స్పెక్టర్. కోర్టు ఆర్డరుకు టైము పడుతుంది. ఈలోగా వాడు అక్క రూపంలో వీధిలో తిరుగుతూనే ఉంటాడు. చిలక జాడ కోసం ఒక్కొక్కరినీ అడుగుతాడు.

నోటీసు పెడదామా అంది లాయరమ్మ. హాల్లో పెడితే హాల్లోకి వచ్చినవాళ్లకే తెలుస్తుంది. వాడు పట్టుకునేది హాలు ముందు వీధిలో. వీధిలో పెడితే, ఎవరు పెట్టారో ఎవరికి తెలుసు. నిన్న నీలం గొడుగు ముందు మేం పెట్టింది నోటీసు కాక మరేంటి. అక్క ఆ నడక మానేస్తే ఇంకా మేలు వాడికి, వీధిలో అక్క వాడొక్కడే అవుతాడు.

జిరాక్స్ ఫోన్ చేశాడు. స్పీకర్ పెట్టాను. మేడమ్, తిట్టకుండా వినండి అన్నాడు. ఆ నడక వాడి ఒక్కడి దగ్గర ఉంటేనే కదా తాళంచెవి, ఊళ్లో ప్రతివాడి జేబులో ఉంటే అది తాళంచెవి ఎలా అవుతుంది అన్నాడు. దాన్ని అందరికీ వదిలేయండి అన్నాడు. దారిన పోయేవాళ్లలో సగం మంది మీ అక్కగారిలా నడిస్తే, ఎవరూ ఎవరినీ నమ్మరు, వాడితో సహా అన్నాడు.

నాకు ఒళ్లు మండిపోయింది. తీసిందీ నువ్వే, ఇప్పుడు పంచమనేదీ నువ్వేనా అన్నాను. నేను చేసిన వాటిలో మాకని దాచుకున్నది అదొక్కటే. మళ్లీ రికార్డు చేద్దామంటే నడిచే మనిషి లేదు. అది అందరి కాళ్లకూ వెళ్తే అక్కకు ఏం మిగులుతుంది. ఫోన్ పెట్టేశాను.



అక్క, ఇచ్చెయ్ అంది.

ఏదో చెప్పబోయాను. నోరు ముయ్యి, నడిచింది నువ్వా నేనా అంది. వాడు దాన్ని వేసుకుని ఆడపిల్లల దగ్గరికి వెళ్తున్నాడే, రోజూ అది నా ఒంటి మీద ఎలా పెట్టుకోను అంది. అది నా దగ్గర ఉన్నా ఇప్పుడు నాది కాదు అంది. ఇంతవరకూ గొంతు మామూలుగానే ఉంది. తర్వాత, ఇవాళ్టికి మాత్రం ఉంచు, రేపు ఇద్దువు అంది.

సాయంత్రం లోపలికి వెళ్లింది. హాలుకి కాదు. ఊరి చివర ఎవరూ ఉండని వీధులున్నాయి, కట్టి వదిలేసిన ఇళ్లు. అక్కడ నడిచింది. ప్రతి ఇంటి గుమ్మం దాకా వెళ్లి వెనక్కి వచ్చింది. నేను పక్కన కూర్చోబోతే, పోయి నీ పని చూసుకో అంది.

బయటికి వచ్చాక, కాళ్లు పీకుతున్నాయే అంది. నవ్వలేదు. నేనూ నవ్వలేదు.

జూన్ 13, శుక్రవారం

ఫైలు నేనే జిరాక్స్‌కు ఇచ్చాను. నా షాపులో ఉచితంగా పెట్టేస్తాను అంటే వద్దన్నాడు. ఊరికే ఇస్తే ఎవడూ ముట్టుకోడు మేడమ్, ఏదో లోపం ఉంది అనుకుంటారు, దొంగసరుకు అంటే ఎగబడతారు అన్నాడు. కాపీగాళ్లు సరుకు మార్చుకునే సందులు లోపల చాలా ఉన్నాయి. వాటన్నిట్లో పెట్టాడు. దాని కింద తనే రాశాడు: ఎవరికీ అమ్మని నడక, ఒకే ఒక్కరి దగ్గర ఉన్నది, నిన్ననే లేపింది.

ఇందులో అబద్ధం ఎక్కడుందో వెతికాను. నిన్ననే అన్నది ఒక్కటే.

జూన్ 14, శనివారం

ఏమీ లేదు. బజారంతా తిరిగాను. ఎవరి నడక వారిదే.

జూన్ 16, సోమవారం

చెప్పుల షాపు ముందు ఒకడు. ఫౌంటెన్ దగ్గర ఇద్దరు, ప్రేమికులు, చేయి చేయి పట్టుకుని, ఇద్దరికీ ఎడమ భుజాలే వాలి ఉన్నాయి.

జూన్ 19, గురువారం

ఇక ఆపేవాళ్లు లేరు. పోలీసు బొమ్మలకు అదే, పెళ్లికూతుళ్లకు అదే, రెక్కల గుర్రం మీద నుంచి దిగినవాడికీ అదే. కాపీలకు కాపీలు వచ్చాయి. ఎవడో దాని వేగం పెంచి అమ్ముతున్నాడు. ఎవడో సంచి కూడా జత చేశాడు, కుడి భుజానికి. నేను ఇన్నేళ్లుగా దొంగల మీద రాసిన కంప్లైంట్లకు లెక్కలేదు. ఈ వారం వాళ్లు ఎక్కడ వెనకబడ్డారా అని చూస్తూ గడిపాను.

సాయంత్రం పసుపు చీర బొమ్మ హాలు వీధికి వచ్చింది. వాడే అయ్యుండాలి. కాకపోయినా తెలిసేది లేదు, ఆ సమయానికి వీధిలో అదే నడకతో చాలామంది ఉన్నారు. ఒకామెను ఆపబోయింది. ఆమె ఆగలేదు. ఇంకొకామెను ఆపింది. ఆమె, ఏం కావాలి, నువ్వెవరు అంది. పసుపు చీర, నేను అక్కను అంది. పక్కన పోయే గుంపులోంచి ఎవడో కుర్రచేష్టగా, నేనూ అక్కనే అన్నాడు. వెనక ఇంకొకడు అందుకున్నాడు. వీధి వీధంతా అక్కలమే అని టైపు చేస్తూ గోల. వాళ్లకు ఇదంతా ఏమిటో తెలియదు, ఊరికే ఆట.

పసుపు చీర కాసేపు వాళ్ల మధ్య ఇరుక్కుని నిలబడి వెళ్లిపోయింది.

జూన్ 27, శుక్రవారం

కోర్టు ఆర్డరు వచ్చింది. చిలకకు గానీ, పాపకు గానీ, పాప బడికి గానీ అతను దరిదాపులకు రాకూడదు. జిరాక్స్ కోర్టులో నిలబడి, నడక తీసింది నేనే, తీయించింది ఈయనే అని చెప్పాడట. భార్య చచ్చిపోయిందని ఏడ్చాడండీ అన్నాడట. జడ్జిగారు చిలక వైపు చూశారట. ఆమె, ఇంకా లేదండీ అందట.

కాగితం మనిషిని ఆపదు అమ్మాయ్, ఈసారి స్టేషన్‌కి ఫోన్ చేస్తే ఎత్తుతారు, అంతవరకే అంది లాయరమ్మ. చిలక వేరే ఊరికి వెళ్లింది. ఏ ఊరో నాకు చెప్పలేదు. అక్కకు కూడా చెప్పలేదు. మంచిదే అంది అక్క. జిరాక్స్ మీద విడిగా కేసు ఉంది. షాపు ప్రస్తుతానికి తెరిచే ఉంచుతున్నాడు.

హాలుకి కొత్త పద్ధతి పెట్టారు. పెట్టింది అక్కే. నడక చూసి ఎవరినీ నమ్మకూడదు. ముఖం చూసి నమ్మకూడదు. మాట చూసీ నమ్మకూడదు. ఎవరొచ్చినా కూర్చోవచ్చు, ఏడవొచ్చు, జోకులేయొచ్చు. ఎక్కడుంటున్నారో మాత్రం ఎవరికీ చెప్పకూడదు, అక్క అడిగినా సరే. అక్క అడిగితే అసలే చెప్పకూడదు. గేటు తీసేశారు.

ఇప్పుడు అక్క బొమ్మకు కంపెనీ కొత్తవాళ్లకు ఉచితంగా ఇచ్చే నడక ఉంది. కర్రబొమ్మకు కాళ్లు వచ్చినట్టుంటుంది. వేరేది చేసిస్తానంటే వద్దంది.

జూలై 8, మంగళవారం

హాలుకి ఇవాళ కొత్తామె వచ్చింది. ఇక్కడ అక్క అంటే ఎవరు అని అడిగింది. తెలియదని అందరూ చెప్పారు. అక్క కూడా అదే చెప్పింది.